వంతెన దగ్గర ఓదెలు

నేను ఒక క్యాసెట్‌ని. పాటల క్యాసెట్ అనుకునేరు, కాదు. నన్ను టేపు రికార్డరులో పెడదామని చూసిన మహానుభావుడు కూడా ఒకడున్నాడు, వాడి సంగతి తర్వాత చెబుతాను. అరచేతిలో ఇమిడే బూడిదరంగు ప్లాస్టిక్ డబ్బాను. ఒంటి మీద కత్తి ఎత్తిన రాకుమారుడి బొమ్మ ఉంటుంది. వీడియో గేమ్ మిషనులో నన్ను గుచ్చి మీట నొక్కితే టీవీలో ఒక రాజ్యం లేస్తుంది. ఆ రాజ్యానికి యుద్ధం వస్తుంది. యుద్ధానికి సైన్యం నేనిస్తాను, సేనాపతిగా మాత్రం మీ మనుషుల్లో ఒకరు కూర్చోవాలి. నేను పుట్టిందే మీ చేత ఆజ్ఞలు ఇప్పించడానికి.

సముద్రాల అవతల, మన కంటికి అక్షరాలన్నీ ముగ్గుల్లా కనిపించే దేశంలో, కొందరు కుర్రాళ్ళు ఒక ఇరుకు గదిలో కూర్చుని నన్ను తయారుచేశారు. కథ పాతదే. మాంత్రికుడొకడు రాజ్యాన్ని కాజేస్తాడు. బల్లి తలల సైనికులు వాడి బలగం. రాకుమారుడు మిగిలిన కొద్దిమందిని కూడగట్టుకుని కొండలు, అడవులు, గుహలు దాటి చివరికి ఒక నది మీది వంతెన దగ్గరికి చేరతాడు. నేలంతా చదరంగం బల్లలాగా గళ్ళు గళ్ళుగా ఉంటుంది. మన వంతులో మనవాళ్ళను జరపాలి, వాళ్ళ వంతులో వాళ్ళు జరుగుతారు.

ఇంతవరకూ వింతేమీ లేదు. నన్ను చేసినవాళ్ళు ఒక కఠినమైన నియమం పెట్టారు. నా యుద్ధంలో చచ్చినవాడు చచ్చినట్టే, తర్వాతి ఘట్టంలో లేచి రాడు. నా పొట్టలో చొక్కా బొత్తామంత బ్యాటరీ ఉంది. ఒక ఘట్టం గెలిచినప్పుడల్లా ఎవరు మిగిలారో, ఎవరు పోయారో అది గుర్తుపెట్టుకుంటుంది. గెలవకముందే మిషను ఆపేస్తే ఆ పోరు జరగనట్టే, మళ్ళీ గుడారాల దగ్గర మొదలుపెట్టవచ్చు. గెలిచాక మాత్రం బ్రహ్మదేవుడు దిగివచ్చినా రాసింది మారదు.

నా మొదటి యజమాని ఆ దేశంలోనే ఒక గుమాస్తా. దారిలో చీమ కనిపిస్తే కాలు పక్కకు తీసేంత మెత్తనివాడు. నా దగ్గర కూర్చుంటే మాత్రం బలహీనులను ముందు నిలబెట్టి, బల్లి మూకలు వాళ్ళను నరుకుతూ ఉండగా వెనకనుంచి గుర్రాలను తోలేవాడు. అది తెలివైన ఎత్తేనని నేనూ ఒప్పుకుంటాను. అతను గెలిచాడు, పెట్టెలో పడేశాడు, మరిచిపోయాడు. ఆ పెట్టె చేతులు మారి, ఓడ ఎక్కి, దుబాయిలో ఒక పాత సామాన్ల దుకాణంలో తేలింది. అక్కడ నన్నూ, ఒక మిషనునూ కలిపి కొన్నవాడు గట్టయ్య. క్రేన్ కింద కూలిపని చేసేవాడు. నన్ను తన టేపు రికార్డరులో పెట్టబోయిన మహానుభావుడు అతనే. సెలవుకు ఇంటికి వచ్చినప్పుడు, "నీకు సదువుకున్న బుర్రుంది, దీని సంగతేందో సూడు బిడ్డా" అని మేనకోడలు స్వరూప చేతిలో పెట్టి ఊపిరి పీల్చుకున్నాడు.

ఆ విధంగా నేను గోదావరి పక్కన బొగ్గు గనుల ఊరికి, కంపెనీ క్వార్టర్లలో ఒక రెండు గదుల ఇంటికి చేరాను. స్వరూప డిగ్రీ చదువుతోంది. నాలో రాసి ఉన్న కథ ఆ ఇంట్లో ఎవరికీ ఒక్క ముక్క చదవరాదు. రచయితలు ఏళ్ళ తరబడి రాసిన సంభాషణలన్నీ ఆమె మీట నొక్కి దాటేసేది. వాళ్ళు చూస్తే తల బాదుకునేవారు. నాకు మాత్రం ఆమె పద్ధతి నచ్చింది. ఎవడు ఎందుకు కొట్టుకుంటున్నాడో తెలియకపోయినా, ఎవరిని ఎక్కడ నిలబెడితే బతుకుతారో ఆమెకు తొందరగా పట్టుబడింది.

ఆమె తండ్రి రాజలింగు భూమి లోపల బొగ్గు తీసే కార్మికుడు. షిఫ్టు దిగి, స్నానం చేసి, కళ్ళ చుట్టూ కాటుక పెట్టినట్టు మిగిలిన మసితో టీవీ ముందు కూర్చుని కూతుర్ని ఆటపట్టించేవాడు.

"ఏందే, గా బల్లి మూతులోళ్ళు నీకేం పాపం జేసిన్రే? పొద్దుగాల సంది తన్నుతనే ఉన్నవ్?"

"వాళ్ళే ముందుగాల్ల ఒచ్చిన్రు బాపూ."

"ఎవన్నడిగినా గదే జెప్తడు" అని నవ్వి అన్నానికి లేచేవాడు. నా మీద అంతకుమించిన ఆసక్తి అతనికి అప్పుడు లేదు.

అక్కడివాళ్ళు గనిని బాయి అంటారు. బాయిలోకి దిగే పద్ధతి ఒకటుంది. ప్రతి కార్మికుడికీ నంబరు కొట్టిన ఇత్తడి బిళ్ళ ఉంటుంది. దిగేముందు ల్యాంపు గది కిటికీలో ఆ బిళ్ళ ఇచ్చి, తలకు పెట్టుకునే దీపం తీసుకోవాలి. పైకి వచ్చాక దీపం ఇచ్చి బిళ్ళ తీసుకోవాలి. షిఫ్టు అయిపోయాక గోడ మేకుకు బిళ్ళ ఇంకా వేలాడుతూ ఉంటే లోపల ఒక మనిషి ఉన్నట్టు. ఆ మేకు ఖాళీ అయ్యేదాకా ఎవరికీ అన్నం సహించదు. నేను ఇన్ని యుద్ధాలు నడిపాను గానీ ఇంత మర్యాదైన నియమం ఏ రాజ్యంలోనూ చూడలేదు.

ఒక వానాకాలం రాజలింగు జట్టు పనిచేస్తున్న చోట కప్పు కూలింది. జట్టంతా బయటపడింది, ఓదెలు ఒక్కడు లోపల ఉండిపోయాడు. ఓదెలు కప్పు కింద దుంగలు నిలబెట్టేవాడు, రాజలింగుకు చిన్ననాటి స్నేహితుడు, స్వరూప కాక అని పిలిచే బాబాయి వరస. రాళ్ళు తీసి బయటికి తెచ్చేసరికి ప్రాణం లేదు. కొన్నాళ్ళకు అతని భార్య కనకవ్వకు అదే బాయి మీద ఉద్యోగం ఇచ్చారు. ల్యాంపు గదిలో, కిటికీ దగ్గర, బిళ్ళలు తీసుకుని దీపాలు ఇచ్చే పని.

రాజలింగు ఆ రోజు నుంచి పనికి పోలేదు. నడుము నొప్పి అన్నాడు, జ్వరం అన్నాడు, తర్వాత ఏమీ అనడం కూడా మానేశాడు. భూమి లోపలికి దిగాలంటే భయపడుతున్నాడని ఇంట్లోవాళ్ళు అనుకున్నారు. అంత లావు మనిషి గోడకు ఆనుకుని కూర్చుని ఉంటే ఇల్లంతా ఊపిరి బిగబట్టుకుని తిరిగేది. ఒకనాడు జట్టును నడిపే సర్దారు ఇంటికి వచ్చి, ఇంకా నాగాలు పెడితే పేరు కొట్టేస్తారని మెల్లగా చెప్పి వెళ్ళాడు. భార్య సత్తవ్వ మొక్కని దేవుడు లేడు.

ఆ రోజుల్లోనే ఒక మధ్యాహ్నం స్వరూప ఏం తోచిందో రిమోటులాంటి నా మీటల పలకను తండ్రి చేతిలో పెట్టింది. "ఒక్కసారి ఆడు బాపూ. నేనే ఎన్నిసార్లని ఆడాలె?" అంది. అతను తీసుకున్నాడు. కాదనే ఓపిక లేక తీసుకున్నాడని నా అనుమానం.

కొత్త యుద్ధం మొదలుపెడితే సైనికులకు పేర్లు పెట్టమని నేను అడుగుతాను. స్వరూప ఇంగ్లీషు అక్షరాల్లో రాస్తూ, ఏం పెట్టాలని తండ్రిని అడిగింది. అతను తన జట్టువాళ్ళ పేర్లు చెప్పుకుంటూ పోయాడు. విల్లువాడు కొమురయ్య. ఈటెవాడు మొండయ్య. నా సైన్యంలో అందరికన్నా నెమ్మదిగా నడిచే పెద్ద డాలువాడు ఒకడున్నాడు, వాడు నిలబడితే ఎంతటి మూకైనా ఆగాల్సిందే. వాడి దగ్గరికి వచ్చేసరికి రాజలింగు గోడ వదిలి ముందుకు జరిగాడు.

"ఓదెలని వెట్టు" అన్నాడు.

స్వరూప తండ్రి ముఖం చూసింది. తర్వాత పెట్టింది.

ఆ మర్నాడు అతను వంటింట్లోంచి గుప్పెడు చింతగింజలు తెచ్చాడు. ఒక స్టీలు మూత టీవీ మీద పెట్టాడు. ఎంతమందిని యుద్ధానికి దింపితే అన్ని గింజలు మూతలో వేసేవాడు. ఘట్టం గెలిచి అందరూ గుడారాలకు చేరాక ఒక్కొక్క పేరూ పలుకుతూ గింజ తీసి జేబులో వేసుకునేవాడు. ఒక్క గింజ మిగిలేట్టుంటే చాలు, చటుక్కున మిషను ఆపి మళ్ళీ మొదలుపెట్టేవాడు. గెలుపు ఎదురుగా వచ్చి నిలబడినా కాదని తిరిగిపోయిన సేనాపతిని నేను అంతకుముందు చూడలేదు. నన్ను చేసినవాళ్ళు ఈ మనిషిని లెక్కలో వేసుకోలేదు. స్వరూపకు కూడా అదే అలవాటైపోయింది. తండ్రి పక్కన లేకపోయినా గింజలు వేయకుండా ఆమె నన్ను ముట్టేది కాదు.

అలా కొండలు దాటారు, అడవులు దాటారు, గుహలు దాటారు. ఒక్కడు కూడా పోలేదు. చివరికి వంతెన దగ్గరికి వచ్చారు.

ఆ ఘట్టం గురించి చెప్పాలంటే నాకే బాధగా ఉంటుంది. వెనక నుంచి బల్లి మూకలు తరుముతూ వస్తాయి. ముందు సన్నని వంతెన. అందరూ దాటేదాకా ఒకడు ఇవతల అంచున నిలబడి మూకను ఆపాలి. ఆ పని డాలువాడికి తప్ప ఎవరికీ చేతకాదు. అందరూ దాటిన వెంటనే వంతెన కూలుతుంది, ఆ ఘట్టంతో పాటు ఆట కూడా గెలిచినట్టు. నా రచయితలు దాన్ని త్యాగం అని పెద్ద అక్షరాల్లో రాశారు. అక్కడ ఎవరికీ చదవరాదు గనుక రాజలింగుకు అది త్యాగంలా కనిపించలేదు. ఒక మనిషిని లోపల వదిలేసి పైకి రావడంలా కనిపించింది.

రోజూ సాయంత్రం అతను ఆ వంతెన దగ్గర కూర్చునేవాడు. అందరినీ దాటించేవాడు. ఆఖరివాడు అవతల గట్టున కాలు పెట్టబోతుండగా మొత్తం సైన్యాన్ని ఓదెలు కోసం వెనక్కి తిప్పేవాడు. ఇరుకు వంతెన మీద ఒకరికొకరు అడ్డమై, బల్లి మూకల చేతిలో అందరూ పోయేవారు. మిషను ఆపేవాడు. మర్నాడు మళ్ళీ అదే. ఓదెలును ముందు దాటించి చూశాడు, మొండయ్యను కాపలా పెట్టి చూశాడు, సగంమందిని సగంమందిని పంపి చూశాడు. ఏం చేసినా చివరికి వెనక్కి తిరిగేవాడు, ఏం చేసినా అందరూ చచ్చేవారు. నాకు చేతులుంటే ఆ వంతెనను వెడల్పు చేసేదాన్ని. సైన్యాలకు దారులు వేయడమే తప్ప వేసిన దారిని మార్చే అధికారం నాకు లేదు.

స్వరూప చూస్తూ ఊరుకుంది, చాలాకాలమే ఊరుకుంది. ఈ వంతెన ఉన్నంతకాలం బాపు ఇక్కడినుంచి లేవడని ఆమెకు గట్టిగా అనిపించింది. ఆట ముగిసిపోతే లేస్తాడని, లేస్తే పనికి పోతాడని లెక్క వేసుకుంది. ఒక ఆదివారం సత్తవ్వ భర్తను బతిమాలి అంగడికి తీసుకుపోయింది. ఇంట్లో ఎవరూ లేరు. స్వరూప తలుపు దగ్గరగా వేసి, అలవాటు కొద్దీ మూతలో చింతగింజలు వేసి, నన్ను పెట్టింది.

అందరినీ దాటించింది. ఓదెలును ఇవతల నిలబెట్టింది. ఈసారి ఎవరూ వెనక్కి తిరగలేదు. వంతెన కూలింది. నా బ్యాటరీ తన పని తాను చేసింది. రాకుమారుడు రాజయ్యాడు, బాకాలు మోగాయి, పూలు కురిశాయి. పిల్ల కళ్ళు తుడుచుకుని, మిషను ఆపి, ఒక్కొక్క పేరూ మనసులో అనుకుంటూ గింజలు తీసి డబ్బాలో వేసింది. దొంగతనంగా ఆడినా లెక్క మాత్రం నిజాయితీగా తీసింది. అదే ఆమెను పట్టించింది.

అంగడి నుంచి వచ్చిన రాజలింగు సంచి దించి, చొక్కా విప్పబోతూ టీవీ వైపు చూశాడు. టీవీ ఆపి ఉంది. మూతలో ఒక్క చింతగింజ ఉంది.

"బిడ్డా" అన్నాడు. గొంతు చాలా నెమ్మదిగా ఉంది. "లోపట ఎవలున్నరు?"

స్వరూప మూత వైపు చూసి తల దించుకుంది.

"నిన్నే అడుగుతున్న. ఎవలున్నరు లోపట?"

"ఓదెలు కాక" అంది. ఆపైన ఏడుపు ఆగలేదు. "వేరే తొవ్వ లేదు బాపూ. నువ్వు ఎన్కకు తిరిగినప్పుడల్లా అందరు సచ్చిన్రు. ఒక్కనాడన్న ఓదెలు కాక బతికిండా? ఒక్కనాడన్న? మొండయ్య కాక పాయె, కొమురయ్య మామ పాయె, అందరు పోయిన్రు. నువ్వు సుత ఆ వంతెన కాడనే పోయినవ్."

కొడతాడేమోనని సత్తవ్వ అడ్డం వచ్చింది. రాజలింగు కొట్టలేదు. ఆ గింజను వేళ్ళ మధ్య పట్టుకుని నేల మీద కూర్చున్నాడు.

"ఆ దినం కప్పు పటపటమన్నది" అన్నాడు. "సర్దారు ఉరుకుండ్రని ఒర్లిండు. నేను ఎన్కకు సూసిన. వాడు దుంగకు భుజం వెట్టి నిలవడ్డడు. 'నువ్వు నడువురా లింగూ, నేనొస్తున్న' అన్నడు. నేను నడిచిన. పైకొచ్చి దీపమిచ్చి నా బిళ్ళ నేను తీసుకున్న. పక్క మేకుకే వాని బిళ్ళ ఉండె." గింజను గుప్పిట్లో మూశాడు. "బాయికి నేను భయపడ్తలేనే. ఆ కిటికీల కనకవ్వ కూసున్నది. నా బిళ్ళ ఆమె చేతుల ఏ మొకం వెట్టుకొని వెట్టాలె?"

ఇంతకాలం ఇంట్లోవాళ్ళు అతను భూమి లోతుకు భయపడుతున్నాడనుకున్నారు. అతను భయపడింది ఒక చిన్న కిటికీకి. రోజూ సాయంత్రం నాలో వెనక్కి తిరిగింది కూడా ఆ దినం తిరగలేకపోయిన మనిషే. నాకు గెలుపు ఓటములు తప్ప మరో భాష తెలియదు. అప్పుడు మాత్రం నా పొట్టలో ఉన్న ఆ బాకాలకూ, పూలకూ సిగ్గుపడ్డాను.

మర్నాడు పొద్దున రాజలింగు ఆ గింజను చొక్కా జేబులో వేసుకుని బాయి మీదికి పోయాడు. అక్కడ జరిగింది నేను చూడలేదు, ఇంట్లో విన్నదే చెబుతున్నాను. కిటికీలో బిళ్ళ పెట్టాడట. కనకవ్వ తలెత్తి చూసి, "ఒచ్చినవా అన్నా" అందట. అతను నోరు తెరవబోతే వెనక వరస జరగమని తొందరపెట్టింది. "పోయి రా, పొద్దుమీకి ఇంటికొస్త" అని ఆమె దీపం చేతిలో పెట్టిందట. అతను దిగాడు, పనిచేశాడు, పైకి వచ్చి దీపమిచ్చి బిళ్ళ తీసుకున్నాడు.

సాయంత్రం కనకవ్వ నిజంగానే వచ్చింది. ఆ రోజు నేను టీవీ కిందనే ఉన్నాను. ఆమె సన్నటి మనిషి, కూర్చుంటే గదిలో చోటు కూడా పట్టదు. సత్తవ్వ చాయ్ పెట్టింది, అది చల్లారిపోయింది. రాజలింగు తల వంచుకుని మొత్తం చెప్పాడు. దుంగ సంగతి, భుజం సంగతి, వాడన్న మాట. "వాణ్ణి ఇడిసిపెట్టి ఒచ్చిన చెల్లె" అన్నాడు చివరికి.

కనకవ్వ కొంగుతో ముఖం తుడుచుకుంది. స్వరూప లేచి వెళ్ళి ఆమె పక్కన కూర్చుంది.

"ఎట్ల పోయిండో, ఆఖర్న ఏమన్నడో నాకిప్పటిదాంక ఒక్కలు జెప్పలే" అంది కనకవ్వ. "అడిగినోళ్ళందరు కప్పు కూలిందన్నరు, గంతే. కప్పు సంగతి నాకెందుకు? వాని సంగతి గావాలె. నువ్వన్న జెప్తవని సూసిన. రోజు కిటికీల కూసొని నీ నంబరు కోసమే సూసిన. నువ్వు సుత ఆ లోపటనే వోతే నాకీ మాట ఎవలు జెప్పుదురన్నా?"

రాజలింగు అప్పుడు ఏడ్చాడు. అంత పెద్ద మనిషి ఏడుస్తుంటే చూడటం కష్టం, చూడకుండా ఉండటం ఇంకా కష్టం. జేబులోంచి చింతగింజ తీసి అరచేతిలో పెట్టుకుని, అదేమిటో ఎలా చెప్పాలో తెలియక కూతురి వైపు చూశాడు. స్వరూప చెప్పింది. మూత సంగతి, లెక్క సంగతి, వంతెన సంగతి. ఆటలో తన మొగుడి పేరుతో ఒక డాలువాడున్నాడని విని కనకవ్వ కొంచెం నవ్వింది కూడా. "నడక నెమ్మదేనా?" అని అడిగింది. "అందరికన్న నెమ్మది చిన్నమ్మా" అంది స్వరూప. "అయితే వాడే" అంది.

తర్వాత చేయి చాపి ఆ గింజ తీసుకుంది. పైకి వచ్చినవాళ్ళకు బిళ్ళలు తిరిగి ఇచ్చే చేయి అది, ఆ రోజు తన మనిషి బిళ్ళ తానే పుచ్చుకుంది. కొంగు చివర ముడి వేసుకుని లేచింది.

"ఒచ్చిండు తియ్యి" అంది.

ఆ తర్వాత ఆ ఇంట్లో నన్ను ఆడినవాళ్ళు లేరు. రాజలింగు పదవీ విరమణ దాకా ఆ కిటికీలోనే బిళ్ళ ఇచ్చి, ఆ కిటికీలోనే తీసుకున్నాడు. క్వార్టరు ఖాళీ చేసిన రోజు నా మిషను పాత సామాన్ల బండి ఎక్కింది. నన్ను మాత్రం స్వరూప బట్టల పెట్టెలో దాచుకుంది. ఇప్పుడామె ఒక కాలేజీలో లెక్కలు చెబుతుంది. ఈమధ్య ఎవరి దగ్గరో పాత మిషను దొరికితే తెచ్చి నన్ను గుచ్చింది. రాజ్యం లేచింది, రాకుమారుడు లేచాడు. సైన్యం మాత్రం లేవలేదు. నా బ్యాటరీ ఎప్పుడో అయిపోయింది. కొమురయ్య, మొండయ్య, వంతెన, గెలుపు అన్నీ తుడిచిపెట్టుకుపోయాయి. కొత్త పేర్లు పెట్టమని నేను మళ్ళీ మొదటినుంచి అడిగాను. ఆమె ఆ ఖాళీ గళ్ళను చాలాసేపు చూసి, ఏ పేరూ పెట్టకుండానే నన్ను తీసి తుడిచి పెట్టెలో పెట్టింది.

నన్ను పనికిరాని క్యాసెట్ అనేవాళ్ళు అంటారు. నేనేమీ అనుకోను. నా పొట్టలో ఇప్పుడు ఎవరూ లేరు, అది నిజమే. బొగ్గు గనుల ఊళ్ళో బతికినదాన్ని, ఆ మాటకు అర్థం నాకు తెలుసు. లోపల ఎవరూ లేరంటే, అందరూ పైకి వచ్చారని.